ధర అడిగే ముందు ఛాసిస్ నంబరు అడగండి

మా ఇంటి ముందు ఉన్నది 2012 మోడల్ హోండా సిటీ కారు. పెట్రోలు, ఐదు గేర్ల మాన్యువల్, వెండి రంగు, ఏపీ16 నంబరు. ఆర్సీలో తయారీదారు పేరు దగ్గర ఇప్పటికీ ‘హోండా సీల్ కార్స్ ఇండియా’ అనే ఉంటుంది. ఆ ఏడాది ఆగస్టులో ఇక్కడి భాగస్వామి వాటాను హోండా కొనేసింది, ఆ తర్వాత కంపెనీ పేరు హోండా కార్స్ ఇండియా అయింది. మా బండి అంతకు ముందే ఫ్యాక్టరీ దాటింది. నేను దీన్ని 2022లో కొన్నాను.

ఈ మధ్య మా కాలేజీలో ఒకరి తర్వాత ఒకరు “మేడమ్, పాత సిటీ తీసుకోవచ్చా?” అని అడుగుతున్నారు. అందరికీ పనికొస్తుందని ఇక్కడ రాస్తున్నాను. నేను గుంటూరులో ఉంటాను. తెనాలిలో ఇంటర్ పిల్లలకు కెమిస్ట్రీ చెబుతాను. సెలవొస్తే బాపట్లలో అమ్మ దగ్గరికి వెళ్తాను. బండి నేనే నడుపుతాను.

నా దగ్గర నాలుగు లక్షల లోపే ఉంది. ఆ డబ్బుకి కొత్తది రాదు. పాత డీజిల్ బళ్ళు చాలా చూపించారు, అన్నీ బాగా తిరిగినవే. అప్పుడు ఒక విషయం గుర్తుకొచ్చింది. 2010 జూన్‌లో పెట్రోలు ధర మీద ప్రభుత్వ నియంత్రణ ఎత్తేశారు. డీజిల్ మీద మాత్రం 2014 అక్టోబరు దాకా ఉంచారు. ఆ నాలుగేళ్ళలో రెండింటి ధరలకూ బాగా తేడా ఉండేది. ఎక్కువ తిరిగేవాళ్ళంతా డీజిల్‌కి వెళ్ళిపోయారు. సిటీలో డీజిల్ ఇంజిన్ 2014 దాకా రానేలేదు. అంటే 2011, 2012లో సిటీ కొన్నవాళ్ళలో ఎక్కువమంది ఆఫీసుకీ ఇంటికీ మధ్య తిరిగేవాళ్ళు, డ్రైవింగ్ మీద ఇష్టం ఉన్నవాళ్ళు అయ్యుండాలి అనుకున్నాను. చూసిన బళ్ళలో ఈ లెక్క చాలావరకు నిజమే అయింది.

అదే డబ్బుకి హోండావాళ్ళదే పాత సివిక్ కూడా వస్తుంది, అందంగానూ ఉంటుంది. కానీ బాగా కిందికి ఉండే బండి. మా వీధిలో స్పీడ్ బ్రేకర్లు చూసి ఆ ఆశ వదులుకున్నాను. పైగా సిటీకి దొరికినంత సులువుగా దానికి విడిభాగాలు దొరకవు. సిటీ మన దేశంలో 1998 నుంచీ ఆగకుండా అమ్ముడవుతోంది. ఆటోనగర్‌లో ఏ షాపులో అడిగినా కనీసం “రేపొస్తుందండీ” అనైనా అంటారు.

నన్ను అడిగినవాళ్ళకి మొదట చెప్పేది ఇది: బండి చూడ్డానికి వెళ్ళే ముందే, ధర మాట కూడా ఎత్తకముందే, పదిహేడు అక్షరాల ఛాసిస్ నంబరు అడగండి. ప్రభుత్వ యాప్‌లో బండి నంబరు కొడితే చాలా వివరాలు వస్తాయి గానీ ఛాసిస్ నంబరులో కొన్ని అక్షరాలు దాచేస్తారు. ఓనరే ఆర్సీ చూసి చెప్పాలి. చెప్పడానికి వెనకాడితే ఆ బండి వదిలేయండి.

ఎందుకంటే, తకాతా అనే జపాన్ కంపెనీ చేసిన ఎయిర్‌బ్యాగ్ ఇన్‌ఫ్లేటర్లు (బ్యాగును ఉబ్బించే వాయువు పుట్టించే డబ్బాలు) ప్రపంచమంతటా కోట్ల బళ్ళలో పడ్డాయి. అవి పగిలే లోపం బయటపడ్డాక జరిగిన రీకాల్, అంటే బళ్ళని వెనక్కి పిలిచి సరిచేయడం, వాహన చరిత్రలోనే అతి పెద్దది. ఆ కంపెనీ 2017 జూన్‌లో దివాలా పిటిషన్ వేసింది. మన దేశంలో 2012లో తయారైన హోండా బళ్ళ వంతు 2017 జనవరిలో వచ్చింది. అప్పుడు వెనక్కి పిలిచిన బళ్ళు 41,000కు పైనే, అందులో ఎక్కువ సిటీలే.

ఇందులో ఉన్న కెమిస్ట్రీ నన్ను వదలదు. ఎయిర్‌బ్యాగ్ తెరుచుకోవాలంటే రెప్పపాటులో బోలెడు వాయువు పుట్టాలి. దానికి ఈ కంపెనీ అమ్మోనియం నైట్రేట్ బిళ్ళలు వాడింది. చవకే, కానీ ఆ పదార్థానికి తేమంటే పడదు. పగటి వేడి, రాత్రి చల్లదనం, గాలిలో తేమ, ఇవి ఏళ్ళ తరబడి పనిచేస్తే బిళ్ళ లోపల సన్నని రంధ్రాలు పడతాయి. రంధ్రాలు పడితే మండే ఉపరితలం పెరుగుతుంది, దాంతో చర్య వేగం పెరుగుతుంది. రసాయన గతిశాస్త్రం పాఠంలో నేను ఏటా బోర్డు మీద రాసేది ఇదే. వాయువు కొద్దికొద్దిగా విడుదలయ్యే బదులు ఒక్కసారిగా పీడనం పెరిగి ఉక్కు డబ్బా పగులుతుంది. ముక్కలు డ్రైవరు మెడ మీదికో ముఖం మీదికో వస్తాయి. చిన్న ప్రమాదంలో కాపాడాల్సిన వస్తువే ప్రాణం తీసిన సందర్భాలు ఎన్నో దేశాల్లో ఉన్నాయి. ఇప్పుడు చెప్పండి, వేడీ తేమా కలిసి ఉండే చోటు బాపట్ల, మచిలీపట్నం, విజయవాడల కంటే ఇంకేం కావాలి? మన కోస్తాలో ఇన్నేళ్ళు ఎండలో నిలబడిన బండికి ఈ పరీక్ష తప్పనిసరి.

ఆ ఇన్‌ఫ్లేటర్ మార్చడానికి పైసా తీసుకోరు. హోండా వెబ్‌సైట్‌లో ఛాసిస్ నంబరు కొడితే మీ బండికి పెండింగ్ ఉందో లేదో చెబుతుంది. చిక్కల్లా, కబురు మొదటి ఓనరు చిరునామాకి వెళ్తుంది. ఇల్లు మారితేనో, బండి చేతులు మారితేనో ఆ ఉత్తరం ఎవరికీ చేరదు. మా బండి విషయంలో అదే జరిగింది. నంబరు కొట్టి చూస్తే పెండింగ్ అని వచ్చింది. బేరం ఖాయం చేసుకునే ముందే ఓనరుగారితో మార్పించాను.

ఆయన విజయవాడలో బ్యాంకు ఉద్యోగం చేసి రిటైరయ్యారు. పిల్లలిద్దరూ అమెరికాలో. ఆ రోజు ఫోన్లో ఛాసిస్ నంబరు అడిగితే “ఎందుకమ్మా?” అన్నారు. విషయం చెప్పాను. కాసేపు మాట్లాడలేదు. “పదేళ్ళు మా మనవళ్ళని ముందు సీట్లో కూచోబెట్టుకుని తిప్పానమ్మా” అన్నారు. మర్నాడు పొద్దున్నే ఆయనే సర్వీస్ సెంటర్‌కి తీసుకెళ్ళారు.

ఆయన ఇచ్చిన ఫైల్లో నాకు అన్నిటికన్నా నచ్చిన కాగితం ఇన్సూరెన్స్ పాలసీ. మీరు కొనే బండిది కూడా అడిగి చూడండి. అందులో నో క్లెయిమ్ బోనస్, అంటే క్లెయిమ్ చేయనందుకు ప్రీమియంలో ఇచ్చే తగ్గింపు, ఎంత శాతమో రాసి ఉంటుంది. మొదటి ఏడాది క్లెయిమ్ లేకపోతే 20, తర్వాత 25, 35, 45, చివరికి 50. యాభై శాతం ఉందంటే వరసగా ఐదేళ్ళు సొంత నష్టానికి క్లెయిమ్ చేయలేదన్నమాట. మీటర్ రీడింగు కన్నా నేను దీన్నే నమ్ముతాను. మీటరు తిప్పేవాళ్ళు ఊరూరా ఉన్నారు. ఆ బోనస్ మాత్రం ఓనరుదే, బండితో పాటు మనకి రాదు. ప్రీమియం లెక్క వేసుకునేటప్పుడు గుర్తుంచుకోవాలి.

బండిని ఆటోనగర్‌లో ఒక పెద్దాయనకి చూపించాను. హోండాలు తప్ప ఇంకేవీ ముట్టరు. ఆయన ఇంజిన్ మూత కూడా ఎత్తకుండా ముందు సీటు బెల్టు చివరిదాకా లాగి చూశారు. “నీళ్ళలో మునిగితే ఇక్కడ మట్టి చార ఉంటదమ్మా, దీన్ని ఎవరూ కడగరు” అన్నారు. తర్వాత స్టెప్నీ కింద గుంట, సీటు పట్టాల బోల్టులు, కార్పెట్ కింద వాసన చూశారు. 2020 అక్టోబరులో హైదరాబాద్ మునిగాక అక్కడి బళ్ళు మనవైపు చాలా వచ్చాయని అప్పుడు ఆయన జాగ్రత్త. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి సింగ్‌నగర్ చుట్టుపక్కల ఎన్ని బళ్ళు మునిగాయో మనమంతా చూశాం. అందుకే ఇప్పుడు విజయవాడ బండి కొనే మా వాళ్ళందరికీ సీటు బెల్టు మాట రెండుసార్లు చెబుతున్నాను.

రూ. 3,40,000కి బేరం కుదిరింది. ఓనరుగారు పేరు మార్పిడి కాగితాలైన ఫారం 29, 30 మీద సంతకాలు పెట్టి, ఆర్సీ నా పేరుకి మారగానే కాపీ పంపమని గట్టిగా చెప్పారు. ఆయన చెప్పింది న్యాయం. ఆర్సీలో ఎవరి పేరుంటే వాళ్ళే ఓనరని, ప్రమాదం జరిగితే పరిహారం బాధ్యత వాళ్ళదేనని సుప్రీంకోర్టు 2018లో స్పష్టంగా చెప్పింది. అమ్మేవాళ్ళు సంతకాలు పెట్టేసి డబ్బులు తీసుకుని మర్చిపోవడం మన దగ్గర బాగా అలవాటు. అమ్మేవాళ్ళకీ కొనేవాళ్ళకీ ఇద్దరికీ అది ప్రమాదం.

ఇక నడపడం. ఈ బండికి ఇంజిన్ వేడి చూపించే ముల్లు లేదు. చల్లగా ఉన్నంతసేపూ నీలం దీపం వెలుగుతుంది, అది ఆరిపోతే ఇంజిన్ సిద్ధమైనట్టు. దీపం ఆరేదాకా నేను గట్టిగా యాక్సిలరేటర్ తొక్కను. ఆరాక మాత్రం ఈ 1497 సీసీ ఇంజిన్ తీరే వేరు. ఊళ్ళో మూడో గేర్లో బుద్ధిగా పోతుంది. విజయవాడ రహదారి ఎక్కి మూడో గేర్లోనే తొక్కి ఉంచితే ఒక దశ దాటాక గొంతు మారుతుంది. ఒక్కో సిలిండర్‌కి గాలి లోపలికి వచ్చే వాల్వులు రెండేసి ఉంటాయి. నిదానంగా వెళ్ళేటప్పుడు అందులో ఒకటి అరకొరగానే తెరుచుకుంటుంది, వేగం పెరిగితే రెండూ పూర్తిగా తెరుచుకుంటాయి. గంటకి ఎంత వేగమన్నది అలా ఉంచండి, ఆ మార్పు వినడమంటేనే నాకు ఇష్టం.

ఈ వాల్వులకే ట్యాపెట్ సెట్టింగ్ అని ఒక పని ఉంది, అంటే వాల్వుకీ దాన్ని నొక్కే భాగానికీ మధ్య సందు సరిచేయడం. చాలా కార్లలో నూనె పీడనంతో సందు దానంతట అదే సర్దుకుంటుంది. ఈ ఇంజిన్లో స్క్రూ తిప్పి చేత్తో సరిచేయాలి. లోపలికొచ్చే వైపు 0.15 నుంచి 0.19 మిల్లీమీటర్లు, పొగ బయటికి పోయే వైపు 0.26 నుంచి 0.30. ఇంజిన్ పూర్తిగా చల్లారాకే కొలవాలి. అందుకని మా మెకానిక్ ముందు రోజు సాయంత్రమే బండి పెట్టేసి వెళ్ళమంటారు. ఇంజిన్ వేడిగా ఉండగా ఈ పని చేస్తానన్నవాళ్ళకి బండి ఇవ్వకండి. టైమింగ్ చైనే కాబట్టి బెల్టు మార్చే ఖర్చు లేదు.

ఖర్చులు పెట్టించినవి వేరే ఉన్నాయి. తెనాలి రోడ్డు పుణ్యాన ముందు చక్రాల సస్పెన్షన్‌లో లింక్ రాడ్లు, లోయర్ ఆర్మ్ బుష్‌లు మార్చాల్సి వచ్చింది. గుంతలో దిగినప్పుడు ‘టక్’మని వినిపిస్తే అవే. పెద్ద ఖర్చు ఏసీ కూలింగ్ కాయిల్. గ్యాస్ నింపించిన కొద్దివారాలకే చల్లదనం పోతుంటే మళ్ళీ మళ్ళీ గ్యాస్ కొట్టించడం దండగ, లీకు ఎక్కడో పట్టుకోవాలి. మే నెలలో గుంటూరులో ఏసీ లేకుండా అమ్మని తీసుకురావడం నావల్ల కాదు కాబట్టి కాయిల్ కొత్తదే వేయించాను.

అమ్మ సంగతి కూడా చెప్పాలి. తనకి మోకాళ్ళ నొప్పులు. సిటీ వెనక సీటు విశాలమే, కాళ్ళు చాపుకోవచ్చు, డిక్కీలో బియ్యం బస్తా, చక్రాల కుర్చీ రెండూ పడతాయి. కానీ సీటు కిందికి ఉంటుంది. ఎక్కడం తేలికే, లేవడం కష్టం. “అమ్మాయ్, ఇది కూచోబెడుతుంది గానీ లేవనివ్వదే” అంటుంది. గట్టి దిండొకటి వేసి సీటు ఎత్తు పెంచాను. ఇంట్లో మోకాళ్ళ నొప్పులున్న పెద్దవాళ్ళుంటే బేరానికి ముందే వాళ్ళని ఒకసారి ఎక్కించి దించండి. ఈ ఒక్క కారణంతో మానుకున్నా తప్పులేదు.

మైలేజీ టాంకు ఫుల్ చేయించి లెక్క కడతాను. ఊళ్ళో 12, 13 మధ్య, హైవే మీద 17 దాకా వచ్చేది. ఇరవై శాతం ఇథనాల్ కలిపిన ఈ20 పెట్రోలు వచ్చాక హైవేలో 16 చుట్టూ ఆగుతోంది. లీటరు ఇథనాల్‌లో ఉండే శక్తి లీటరు పెట్రోలులో మూడింట రెండొంతులే కాబట్టి, ఐదో వంతు అది కలిపితే, ఇథనాల్ లేని పెట్రోలుతో పోలిస్తే ఆరేడు శాతం తగ్గడం లెక్క ప్రకారమే. నాకున్న భయం మైలేజీ గురించి కాదు, రబ్బరు గొట్టాలు, సీళ్ళ గురించి. 2009 జనవరి 1 తర్వాత తయారైన తమ బళ్ళన్నిటిలో విడిభాగాలు ఈ20కి తట్టుకుంటాయని హోండా ప్రకటించింది. 2008 మోడల్ చూపిస్తున్నవాళ్ళుంటే ఈ తేదీ గుర్తు పెట్టుకోండి.

“పదిహేనేళ్ళు దాటితే తుక్కే కదా” అని చాలామంది అంటున్నారు. ఆ నిషేధం ఢిల్లీ ప్రాంతానిది, మన రాష్ట్రంలో అలా లేదు. మా ఆర్సీ 2027లో ముగుస్తుంది. ఫారం 25తో దరఖాస్తు చేసుకుని, బండి తనిఖీ చేయించి, గ్రీన్ ట్యాక్స్ కడితే ఇంకో ఐదేళ్ళు ఇస్తారు. గడువుకి 60 రోజుల ముందు నుంచి దరఖాస్తు తీసుకుంటారు. కార్లకి రెన్యువల్ ఫీజు 2022 ఏప్రిల్ నుంచి రూ. 5,000 చేశారు. ఆ లోపు వెనక డ్రమ్ బ్రేకులు విప్పించి చూడాలి, పసుపెక్కిన హెడ్‌లైట్ అద్దాలు పాలిష్ చేయించాలి, కుడి వెనక తలుపు కింద మొదలైన చిన్న తుప్పు మచ్చని పాకకముందే గీకించి ప్రైమర్ వేయించాలి. మా మెకానిక్‌కి ఇప్పటికే చెప్పి ఉంచాను.