పాలీ ప్లాట్ పేరు మనవాళ్లకు తెలియాలి

సినిమా ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో పనిచేసే మాలో చాలామందికి హాలీవుడ్ ప్రొడక్షన్ డిజైనర్ (సెట్లు, రంగులు, సినిమా రూపం చూసుకునే మనిషి) పాలీ ప్లాట్ పేరే తెలియదు. నాకది బాధగా ఉంటుంది.

1971లో వచ్చిన 'ది లాస్ట్ పిక్చర్ షో'కి టెక్సస్‌లోని ఆర్చర్ సిటీలో డిజైన్ చేసింది ఆవిడే. సినిమా అంతా బ్లాక్ అండ్ వైట్. ఆ కష్టం చేసినవాళ్లకే తెలుస్తుంది. ఎర్ర గోడ ముందు ఆకుపచ్చ చొక్కా మనిషిని నిలబెడితే కొట్టొచ్చినట్టు కనిపిస్తాడు. రంగు తీసేస్తే రెండూ ఒకే బూడిద రంగయి, మనిషి గోడలో కలిసిపోవచ్చు. ఎంత ముదురు, ఎంత లేత అన్నదే చూసుకోవాలి. ఫ్లాష్‌బ్యాక్ సెట్ వేసేటప్పుడు నేను గోడనీ చీరనీ పక్కపక్కన పెట్టి, ఫోన్‌లో రంగు తీసేసి చూస్తాను.

ఆ షూటింగ్‌లోనే, దర్శకుడైన ఆవిడ భర్త హీరోయిన్‌తో ప్రేమలో పడ్డాడు. ఇంట్లో చిన్నపిల్లలు. అయినా పని వదల్లేదు. 1973లో 'పేపర్ మూన్' కూడా ఆయనకే చేసింది. ఆ గుండెనిబ్బరానికి దండం పెట్టాలి.

'టర్మ్స్ ఆఫ్ ఎండియర్‌మెంట్' (1983) డిజైన్‌కి ఆస్కార్ నామినేషన్ వచ్చింది. తర్వాత నిర్మాత అయింది. 'సే ఎనీథింగ్', వెస్ ఆండర్సన్ తొలి సినిమా 'బాటిల్ రాకెట్' ఆ లెక్కలోవే. కార్టూనిస్ట్ మాట్ గ్రోనింగ్ గీసిన కార్టూన్‌ని 'టర్మ్స్ ఆఫ్ ఎండియర్‌మెంట్' దర్శకుడు జేమ్స్ ఎల్. బ్రూక్స్‌కి కానుకగా ఇచ్చిందీ ఆవిడే. టీవీ కార్టూన్ సీరియల్ 'ది సింప్సన్స్'కి దారి అక్కడే పడింది.

సెట్ వేసిన మనిషికి డబ్బు ఎక్కడ వృథా అవుతుందో, ఎక్కడ తగ్గించకూడదో తెలుస్తుంది. మన దగ్గరా ఆర్ట్ డైరెక్టర్లు ఇంకా ఎక్కువమంది నిర్మాతలవ్వాలని నా కోరిక.