చిన్న దినం లెక్కతో దొరికిన తేదీ

మా స్కూలున్న గూడెంలో ఒక చెంచు పెద్దాయన చనిపోయాడు. ఏడాదిన్నర తర్వాత ఆయన మరణ ధ్రువీకరణ పత్రం కోసం మేం తిరిగిన తిరుగుడు ఇది. నాది నందికొట్కూరు. ఆత్మకూరు దాటాక నల్లమల అంచున ఉన్న గూడెంలో టీచరుగా పనిచేస్తున్నాను. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు విడిపోయి ఈ ప్రాంతమంతా నంద్యాల జిల్లాలోకి పోయినా, మా నోట్లో ఇప్పటికీ కర్నూలు జిల్లానే. దరఖాస్తులో మాత్రం అలా రాయకండి, వెనక్కి వస్తుంది.

కాగితం అవసరం రెండు పనులకు పడింది. ఒకటి, ఆయన భార్యకు వితంతు పింఛను. 2024 జూలై నుంచి నెలకు 4,000 అయింది కదా, ఆ ఇంటికి అది చాలా పెద్ద మొత్తం. రెండోది, అటవీ హక్కుల చట్టం కింద వచ్చిన పట్టా. ఆ భూమిని అమ్మడానికి వీల్లేదు గానీ వారసులకు వస్తుంది. 2006 చట్టం ప్రకారం పెళ్లయినవాళ్లకు భార్యాభర్తలిద్దరి పేరు మీదా ఇవ్వాలి. వీళ్ల పట్టాలో ఆయన పేరొక్కటే ఉంది. ఆయన పోయాడని కాగితం మీద రుజువైతే తప్ప పెద్దమ్మ పేరు అందులోకి ఎక్కదు.

విచిత్రం ఏమిటంటే, ఆయనకు వచ్చే వృద్ధాప్య పింఛను 2023 ఏప్రిల్ నెలకే ఆగిపోయింది. జాబితాలో చనిపోయినట్టు మార్క్ చేశారు. మరణాల రిజిస్టరులో మాత్రం ఆయన లేడు. అంటే డబ్బు ఆపడానికి చనిపోయాడు, డబ్బు ఇవ్వడానికి ఇంకా బతికే ఉన్నాడు.

1969 నాటి జనన మరణాల నమోదు చట్టం ప్రకారం 21 రోజుల్లోపు చెబితే ఖర్చు లేకుండా రాసుకుంటారు. 30 రోజుల వరకు ఆలస్య రుసుముతో అయిపోతుంది. ఆ పైన ఏడాది వరకు జిల్లా స్థాయి అధికారి రాతపూర్వక అనుమతి కావాలి. ఏడాది దాటితే మేజిస్ట్రేటు ఉత్తర్వే. 2023 సవరణ తర్వాత ఆ అధికారం కలెక్టరు, సబ్ డివిజనల్ మేజిస్ట్రేటు, కలెక్టరు అప్పగించిన ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు చేతిలో ఉంది. మా విషయంలో అది ఆర్డీవో దాకా వెళ్లాలి. ముందుగా పంచాయతీ కార్యదర్శి దగ్గర ‘ఈ పేరు మా రిజిస్టరులో లేదు’ అని నాన్ అవైలబిలిటీ సర్టిఫికెట్ తీసుకోవాలి. అది సులభంగానే వచ్చింది. ఆధార్, రేషన్ కార్డు జిరాక్సులు కూడా సరే. నోటరీ అఫిడవిట్ దగ్గర పని ఆగింది. అందులో చనిపోయిన తేదీ రాయాలి.

తేదీ ఎవరికీ తెలీదు.

“ఎండలు మొదలైనాయి సారూ, ఇప్పపూలు రాలుతుండె” అంది పెద్దమ్మ. ఆశా కార్యకర్త పుస్తకంలో మార్చి అని ఉంది, రోజు లేదు. ‘ఏదో ఒక తేదీ వేసేయండి సార్, ఎవరు అడుగుతారు’ అని సలహా ఇచ్చినవాళ్లు ఉన్నారు. అడుగుతారు. అఫిడవిట్‌లో ఒక తేదీ, విచారణలో పొరుగువాళ్లు చెప్పేది ఇంకో తేదీ అయితే ఫైలు అక్కడితో ఆగిపోతుంది.

అందుకే తేదీ అడగడం మానేసి, ఆ రోజుల్లో ఏమేం చేశారో చెప్పమన్నాను. పెద్దమ్మ, ఆమె ఆడబిడ్డ కలిసి చెప్పుకొచ్చారు. ఆయన ప్రాణం పోయింది తెల్లవారుజామున. బంధువులు వచ్చేదాకా ఉంచి, అదే రోజు పొద్దు వాలకముందే పూడ్చారు. వీళ్లలో పూడ్చడమే పాత పద్ధతి. 1940 ప్రాంతంలో కృష్ణకు అవతల అమ్రాబాద్ చెంచుల మధ్య ఉండి రాసిన మానవ శాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్ కూడా అదే చెప్పాడు. కింది ఊళ్లతో రాకపోకలు పెరిగాక కాల్చేవాళ్లూ ఉన్నారట. “ఆయన్ని కాల్చొద్దన్యా నేను. అడివిలో తిరిగినోడు, అడివిలోనే ఉండనీ” అంది ఆడబిడ్డ. మట్టి కప్పి, అడవి జంతువులు తవ్వకుండా పైన రాళ్లు పేర్చి, ముళ్లకంప వేశారు.

మూడో రోజు చిన్న దినం. అన్నం వండి, ఆయనకు ఇష్టమైన కూర వండి, గుంత దగ్గర పెట్టి వచ్చారు. వచ్చాక అందరూ స్నానాలు చేసి ఇల్లు అలికారు. జీవం భగవంతుడి దగ్గరికి పోతుంది, కానీ వెంటనే పోదు, కొన్నాళ్లు ఇంటి చుట్టూ తిరుగుతుంది, పెద్ద దినం పెట్టి సాగనంపితేనే పోతుంది అని ఆ ఇంటి నమ్మకం. మల్లన్నను తమవాడనుకుంటారు, అహోబిలం నరసింహుణ్ణి అల్లుడంటారు గానీ, చావు మాటలు వచ్చినప్పుడు పెద్దమ్మ ఆ ఇద్దరి పేర్లూ ఎత్తలేదు. భగవంతుడు అని మాత్రమే అంది. నేను అడగలేదు కూడా. వివరాలు రాబట్టుకోవడానికి వచ్చానని ఆమెకు అనిపించకూడదనుకున్నాను.

పెద్ద దినం నుంచి వెనక్కి లెక్క కడదామని మొదట అనుకున్నాం. మా ఇళ్లలో అయితే పదకొండో రోజో, పన్నెండో రోజో అని గట్టిగా ఉంటుంది. ఇక్కడ కుదరలేదు. బియ్యం, మాంసం, సారా ఖర్చు సమకూరేదాకా దాన్ని వాయిదా వేసుకున్నారు. పదో రోజు దాటిందని ఒకరు, నెల దాటిందని ఇంకొకరు. కానీ చిన్న దినం ఆగదు, దానికి పిడికెడు బియ్యం ఉన్నా చాలు. ఆ రోజు గురించి అడిగితే ఆడబిడ్డ టక్కున చెప్పింది: “ఆ పొద్దు ఉగాది గదా సారూ. కన్నడోళ్లు నడిచిపోయేది అయిపోయింది. కింది ఊరోళ్లు బచ్చాలు చేసుకుంటుంటే మేం గుంతకాడ కూడు పెట్టొచ్చినాం.”

ఉగాదికి కర్ణాటక నుంచి వేల మంది భక్తులు ఈ అడవి దారిలో శ్రీశైలానికి నడిచి వెళ్తారు. వెంకటాపురం, నాగలూటి, పెద్దచెరువు, భీముని కొలను మీదుగా ఆ దారి. ఈ గూడేలవాళ్లకు అది క్యాలెండర్‌తో సమానం. 2023లో ఉగాది మార్చి 22, బుధవారం. ఆ రోజు మూడో రోజు అయితే, పోయిన రోజును ఒకటిగా లెక్క పెట్టుకుంటే సోమవారం, 20వ తేదీ.

అయితే ఇక్కడ ఒక చిక్కు. ప్రాణం పోయింది తెల్లవారుజామున అన్నారు కదా, ఏ తెల్లవారుజాము? పెద్దమ్మ “సోమారం రాత్రి” అంటుంది. తెల్లారితే గానీ ఆమెకు రోజు మారదు. ప్రభుత్వానికి అర్ధరాత్రి 12కే మారుతుంది. కోడి కూసిందా అని అడిగితే, కూసిందంది. అంటే ఆఫీసు లెక్కలో మంగళవారం, 21. పూడ్చిందీ ఆ మంగళవారమే, కానీ వాళ్లు మూడు రోజులను సోమవారం నుంచే లెక్క పెట్టారు.

దీనికి బలం అనుకోకుండా దొరికింది. ఆయన మేనల్లుడు టైగర్ రిజర్వ్ బేస్ క్యాంపులో ప్రొటెక్షన్ వాచర్. క్యాంపు హాజరు పుస్తకంలో 21 నుంచి అతను లేడు. దాని నకలు అధికారికంగా ఇవ్వలేమన్నారు గానీ, విచారణకు వచ్చేవాళ్లు చూసుకోవచ్చన్నారు. అది చాలు. అఫిడవిట్‌లో 21-03-2023 అని రాయించాం. పొరుగువాళ్లిద్దరు సాక్షులుగా వేలిముద్రలు వేశారు.

విచారణకు వచ్చినాయన మంచివాడే, కానీ పూడ్చిన చోటు చూడాలని పట్టుబట్టాడు. నమోదుకు చనిపోయిన చోటు కావాలి గానీ పూడ్చిన చోటు చూడమని చట్టం ఎక్కడా అడగదు. నేను అదే అన్నాను, ఆయన వినలేదు. పెద్ద దినం అయిపోయాక ఊరికే అటు పోవడం పెద్దమ్మకు ఇష్టం లేదు, సాగనంపిన మనిషిని మళ్లీ పిలిచినట్టవుతుందని ఆమె భయం. చివరికి కొడుకు ఒక్కడే తీసుకెళ్లాడు. అక్కడ రాళ్లు తప్ప ఏమీ లేవు. “పేరెక్కడ రాసినారప్పా?” అని ఆయన అడిగితే, “పేరు రాసేదానికి అదేమన్నా సర్వే రాయా సార్?” అన్నాడు కొడుకు. ఆయన నవ్వి, ఫోటో తీయబోయి, ఎందుకో ఫోను జేబులో పెట్టేసుకున్నాడు. రిపోర్టు మాత్రం అనుకూలంగా రాశాడు.

ఆ తర్వాతదంతా ఎదురుచూపే. తహసీల్దారు ఆఫీసు నుంచి ఆర్డీవోకు, అక్కడి నుంచి ఉత్తర్వు మళ్లీ పంచాయతీకి. మధ్యలో ఆధార్‌లో ఉన్న ఇంటిపేరుకూ రేషన్ కార్డులో ఉన్నదానికీ ఒక అక్షరం తేడా అని ఒకసారి తిప్పి పంపారు. ఇలాంటివి దరఖాస్తు పెట్టకముందే సరి చూసుకుంటే చాలా టెన్షన్ తప్పుతుంది. సర్టిఫికెట్ చేతికొచ్చాక కుటుంబ సభ్యుల ధ్రువపత్రం, ఆపైన వితంతు పింఛను దరఖాస్తు. పింఛను వస్తోంది. పట్టాలో పేరు మార్పు ఇంకా ఫైల్లోనే ఉంది, దాని కోసం తిరుగుతూనే ఉన్నాం.

ఈ మధ్య గూడెంలో మరో ముసలామె పోయింది. చిన్న దినం కూడు పెట్టి వచ్చి స్నానం చేసిన వెంటనే, ఆ ఇంటి చిన్నోడు తలకు తడి ఆరకుండానే ఆమె ఆధార్ పట్టుకుని సచివాలయానికి బయల్దేరాడు. చనిపోయిన తేదీ, టైము వాళ్ల నాయన ముందే బొగ్గుతో గోడ మీద రాసి పెట్టాడట.