ఆ యాస ఎవరిది?

బడి నాటకంలో దుకాణదారు వేషం ఇచ్చి, కాస్త ఇండియన్ యాసలో మాట్లాడితే బాగుంటుందని అడిగినందుకు మా అబ్బాయి ఆ వేషమే వద్దని చెప్పి, లైట్లు వేసే జట్టులో చేరిపోయాడు. ఎందుకని అడిగితే, "ఆ యాస నాకు లేదమ్మా, నీకుంది. నేను చేస్తే వాళ్లు నవ్వేది నిన్ను చూసే కదా" అన్నాడు. సంతోషించవలసిన తల్లిని కాస్తా, చేతికొచ్చిన వేషాన్ని కాదనుకుంటారా అని వాదనకు దిగి, సాక్ష్యానికి పాతకాలపు హాలీవుడ్ నటుడు పీటర్ లోరీని పిలుచుకొచ్చాను.

ఇప్పుడు స్లొవేకియాలో ఉన్న రుజొంబెరొక్ పట్టణం హంగరీ రాజ్యంలో ఉన్న రోజుల్లో, 1904లో, ఆయన అక్కడ ఒక యూదు కుటుంబంలో పుట్టాడు. ఫ్రిట్జ్ లాంగ్ తీసిన 'ఎమ్' (1931)లో పిల్లల్ని చంపే హంతకుడిగా నటించి పేరు తెచ్చుకున్న రెండేళ్లకే, హిట్లర్ అధికారంలోకి రావడంతో జర్మనీ విడిచిపెట్టవలసి వచ్చింది. 1934లో లండన్‌లో దర్శకుడు హిచ్‌కాక్ తన సినిమాలో వేషం ఇచ్చేనాటికి ఆయనకు ఇంగ్లీషు సరిగా రాదు. సంభాషణలు చాలావరకు బట్టీపట్టి అప్పజెప్పాడు. ఆ యాసనే హాలీవుడ్ పెట్టుబడిగా వాడుకుంది. 'ది మాల్టీస్ ఫాల్కన్'లోనే కాదు, కనిపించేది కాసేపే అయినా 'కాసాబ్లాంకా'లోనూ ఆయన గుర్తుండిపోతాడు.

హిచ్‌కాక్ టీవీ ధారావాహికలో 1960లో ఆయన వేసిన జూదరి వేషాన్ని మావాడికి చూపించాను. లైటరు వరుసగా పదిసార్లు వెలిగితే కారు ఇస్తాడు, ఒక్కసారి తప్పినా ఎదుటివాడి చిటికెన వేలు నరుకుతాడు, అదీ పందెం. కత్తి పట్టుకుని కాచుకుని ఉన్న లోరీని మావాడు కాళ్లు సోఫా మీదికి లాక్కుని మరీ చూశాడు. అయిపోయాక, "బాగా చేశాడు. మరి ఈయన ఎప్పుడైనా మామూలు పక్కింటాయనగా వేశాడా?" అని అడిగాడు. నా దగ్గర తయారుగా జవాబు లేకపోయింది.

నిజానికి యాస గురించి మాట్లాడే అర్హత నాకెంతుందో చెప్పలేను. తెలుగును తెలుగులా పలకమని ఇంట్లో వాడి ప్రాణం తీసే నేనే, ఆఫీసు మీటింగు మొదలవగానే నాలుక మెలితిప్పి మాట్లాడతాను. అది ముగిసి మా అక్కకు ఫోను చేస్తే మరుక్షణం గుంటూరులో దిగిపోతాను. ఇలాంటి వేషాలు వచ్చినప్పుడు, నవ్వు పుట్టేది మాటలోంచా, యాసలోంచా అని టీచరును అడగండని తోటి తల్లులకు సలహా ఇద్దామనుకున్నాను. ఆ జల్లెడ పడితే లోరీ వేషాల్లో ఎన్ని నిలుస్తాయి? 1937 నుంచి 1939 దాకా ఎనిమిది చిత్రాల్లో ఆయన మిస్టర్ మోటో అనే జపాన్ మనిషిగా నటించాడు. తనది కాని జాతిని, తనది కాని గొంతును తగిలించుకోవడమంటే మావాడు చెయ్యనన్నది అదే కదా!

పోనీ, ఆయన వెనక్కి వెళ్లలేదా అంటే వెళ్లాడు. తనను నటుణ్ని చేసిన జర్మన్ భాషలో, ఆ దేశంలోనే, స్వయంగా దర్శకత్వం వహించి నటించిన 'దెర్ వెర్లొరెనె' 1951లో విడుదలైంది. జనం ఆదరించలేదు. మళ్లీ అమెరికాకే వచ్చి, 1964లో చనిపోయేదాకా సినిమాల్లో, టీవీలో దొరికిన వేషాలు వేశాడు. ఈ 1951 సంగతి మాత్రం అబ్బాయికి చెప్పలేదు. వాడు మొరాయిస్తున్నా ఆదివారం ఆదివారం తెలుగు తరగతికి లాక్కెళ్లే నేను, తిరిగి వెళ్లినవాణ్ని తన భాషవాళ్లే పట్టించుకోలేదని ఏ ముఖంతో చెప్పను?