గుర్తు ముందా, అక్షరం ముందా

మొన్న మంగళవారం కరెంటు పోయొచ్చిన కాసేపటికి నారాయణగూడలోని మా డీటీపీ షాపుకు ఇద్దరు కుర్రాళ్లు వచ్చారు. బాలాపూర్‌లో ఉంటున్న రోహింగ్యా కుటుంబాల కోసం టీకాల క్యాంపు నోటీసు, వంద కాపీలు కావాలట. వాట్సాప్‌లో పంపిన మేటర్ తెరిస్తే బర్మీస్. నాకు ఒక్క ముక్క రాదు. గుండ్రటి అక్షరాలు కదా, దూరం నుంచి చూస్తే మన చుట్టాల్లాగే ఉంటాయి. కానీ ఏదో తేడా కొట్టింది. అక్కడక్కడ చుక్కల సున్నా, దానికి అతుక్కుని ఒక గుర్తు. తెలుగులో కూడా అక్షరం లేకుండా గుడి ఒక్కటే కొడితే అలాంటి సున్నాయే పడుతుంది.

"ఫోన్లో బాగానే ఉంది భాయ్, మీ దగ్గరే ఇలా వస్తోంది" అన్నాడు బర్మీస్ చదవగలిగిన కుర్రాడు, హిందీలో.

ఈ మాట పాతికేళ్లుగా వింటున్నాను. మన పాత తెలుగు ఫాంట్ల ఫైళ్లు వేరే సిస్టంలో తెరిస్తే మొత్తం ఇంగ్లీషు అక్షరాల చెత్త కనిపించేది. ఈ మేటర్ జాగీ అనే బర్మీస్ ఫాంటుది, దాని తిరకాసు ఇంకా పెద్దది. ప్రపంచ భాషల అక్షరాలకు తలా ఒక నంబరు ఇచ్చే ఉమ్మడి పద్ధతి యూనికోడ్. అది బర్మీస్‌కి ఇచ్చిన సంఖ్యలనే జాగీ తన సొంత లెక్కలో వాడుకుంది. అందుకని చెడినా బర్మీస్‌లాగే కనిపిస్తుంది. 2019 అక్టోబర్ 1న మయన్మార్ అధికారికంగా యూనికోడ్‌కు మారింది గానీ, పాత ఫోన్లకు ఆ కబురు అందలేదు.

బర్మీస్‌లో ఏత్వం గుర్తు అక్షరానికి ఎడమవైపు కూర్చుంటుంది. 'మే' రాస్తే కంటికి ముందు గుర్తు, నోటికి ముందు మ. జాగీ కంటి వరసలో దాస్తుంది, యూనికోడ్ నోటి వరసలో.

కన్వర్టర్‌లో వేస్తే మేటర్ చాలావరకు సర్దుకుంది. రెండు మాటలు మార్చాలన్నారు. తెలుగు కోసం నా సిస్టంలో కీమాన్ ఎలాగూ ఉంది, ఏ మీట నొక్కితే ఏ అక్షరం పడాలో చెప్పే లేఅవుట్లను నడిపేది. 2015లో ఎస్ఐఎల్ సంస్థ చేతికి వచ్చిన సాఫ్ట్‌వేర్, ఇప్పుడు ఉచితం. బర్మీస్ లేఅవుట్ ఒకటి దించి కుర్రాణ్ణి కూర్చోబెట్టాను. అతను అలవాటుగా ముందు గుర్తు కొట్టాడు, తర్వాత అక్షరం. లేఅవుట్ లోలోపల రెండింటినీ అటూ ఇటూ మార్చేసింది. తెర మీద ఏమీ కదల్లేదు. అతనికి తెలియను కూడా తెలియదు.

నాకు కొంచెం అసూయ వేసింది, నిజం చెప్పాలంటే.

పోయిన మాఘమాసంలో ఒక శుభలేఖలో 'రాజ్‌కుమార్' కాస్తా 'రాజ్కుమార్' అయి కూర్చుంది. మూడు వందల కార్డులు. "మా వాడి పేరు కింద ఈ వత్తేంటండీ?" అని పెళ్లికొడుకు తండ్రి అడిగితే ఏం చెప్తాం? మళ్లీ సొంత డబ్బుతో వేసిచ్చాను. పొల్లుకీ క కీ మధ్య ఒక కనబడని అక్షరం పడాలి, యూనికోడ్‌లో దాని నంబరు 200సి. ఆపరేటర్ కుర్రాడు అది మర్చిపోయాడు. ప్రూఫ్‌లో నేనూ చూడలేదు.

ఆ రాత్రే కీమాన్‌లో సొంత లేఅవుట్ మొదలుపెట్టాను. నియమం రాయడం తేలికే. ఎడమవైపు అప్పటికే పడిన అక్షరం, ప్లస్, నొక్కిన మీట, బాణం గుర్తు, ఆ తర్వాత ఏం పడాలో అది. నాది ఇన్‌స్క్రిప్ట్ చెయ్యి, అంటే మన భాషల ప్రామాణిక కీబోర్డుకు అలవాటు పడింది. అందులో పొల్లు 'డి' మీట మీద ఉంటుంది. జ తర్వాత డి ఒకసారి కొడితే మామూలు పొల్లు, వెంటనే ఇంకోసారి కొడితే పక్కన 200సి కూడా. ఒక్క లైను.

కానీ బర్మీస్ లేఅవుట్‌లా ఇది తనంతట తాను సర్దలేదు. అక్కడ గుర్తు ఎప్పుడూ అక్షరం వెనక్కే వెళ్లాలి, ఆలోచించేదేం లేదు. ఇక్కడ 'రాజ్యం'లో వత్తు కావాలి, 'రాజ్‌కుమార్'లో వద్దు. ఆ సంగతి మీటకేం తెలుసు?

నోటీసు అచ్చు వేశాక కుర్రాడు గట్టిగా చదువుకుని, ఒక చోట ఆగి, వేలు పెట్టి చూపించి, సరే అన్నాడు. వంద కాపీలు కట్ట కట్టి ఇచ్చాను.

మా ఆపరేటర్ మాత్రం డి ఇప్పటికీ ఒక్కసారే కొడతాడు. పెళ్లికొడుకుల పేర్లు నేనే చూసుకుంటున్నాను.