పొత్రం ఎవరిది?

తెనాలి ఇల్లు అమ్మినప్పుడు డబ్బు దగ్గర మాకు ఏ పేచీ రాలేదు. పేచీ అంతా ఫ్యాన్ల దగ్గర. కొనేవాళ్ళు ఇల్లు చూసుకోవడానికి వచ్చిన రోజు అన్ని గదుల్లోనూ ఫ్యాన్లు తిరుగుతున్నాయి. అవి ఇంటితో పాటే వస్తాయని వాళ్ళూ, విప్పి తెచ్చుకోవచ్చని మేమూ అనుకున్నాం. పైకి ఎవరూ అనలేదు.

చివరికి లాయరుగారే తేల్చారు. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం 8వ సెక్షన్ ప్రకారం, వేరే ఒప్పందం లేకపోతే తలుపులు, కిటికీలు, తాళాలు, తాళంచెవులు, ఇంటికని శాశ్వతంగా అమర్చినవీ కొన్నవాళ్ళకే పోతాయట. "ఫ్యాను శాశ్వతమా కాదా అని కొట్టుకోవడం ఎందుకమ్మా, అగ్రిమెంటులో రాసేసుకోండి" అన్నారు. ఫ్యాన్లు, కర్టెన్ రాడ్లు వాళ్ళకి రాశాం. ఆ రాడ్లు మియాపూర్‌లో మా ఫ్లాట్ కిటికీలకి ఎలాగూ సరిపోవు. గీజరు, ఇన్వర్టరు మావి.

ఉయ్యాల బల్లతోనే చిక్కొచ్చింది. బల్ల, గొలుసులు మావే, కొక్కేలు మాత్రం స్లాబువి. నాన్న స్లాబు వేయించేటప్పుడే ఇనప చువ్వలకి కట్టించి పెట్టించారు. మా ఫ్లాట్‌లో అలాంటివి లేవు. తమ్ముడు స్టాండు కొందామన్నాడు. స్టాండుకి వేలాడే ఉయ్యాల నాకైతే పార్కులో ఉన్నట్టే ఉంటుంది. బల్లకి కాళ్ళు బిగించమని వడ్రంగికి ఇచ్చాం. గొలుసులు గోనెసంచిలో నా మంచం కింద ఉన్నాయి.

ఇక పెరట్లో రుబ్బురోలు. సిమెంటు గట్టులో పాతేసింది, గునపంతో తవ్వితే తప్ప రాదు. అందులో తిప్పి రుబ్బే పొత్రం మాత్రం విడిగా ఉంటుంది. గ్రైండరు వచ్చాక అమ్మ దాన్ని ముట్టుకుని ఇరవై ఏళ్ళు దాటింది. అయినా "పొత్రం తీసుకెళ్దామే" అంది.

తమ్ముడికి లాయరుగారి మాటలు బాగా పట్టాయి. "తాళం ఇంటిదైతే చెవీ ఇంటిదే కదమ్మా. రోలు వాళ్ళదైతే పొత్రమూ వాళ్ళదే. అదొక్కటీ తెచ్చుకుని ఏం చేస్తావు?"

అమ్మ బదులు చెప్పలేదు.

తాళాలు అప్పగించి బయల్దేరాం. సూర్యాపేట దాటాక టీకి ఆగి డిక్కీ తెరిస్తే, పాత తువ్వాల్లో చుట్టి ఉంది పొత్రం. కొన్నావిడని అడిగిందో లేదో మాకు తెలీదు. వెనక్కి తిప్పుదామా అన్నాడు తమ్ముడు. అమ్మ టీ చల్లారిపోతోందంది.

ఇప్పుడది మా బాల్కనీ తలుపు గాలికి కొట్టుకోకుండా అడ్డం ఉంటోంది.