పరుగు రాని పిల్లను గోల్‌లో నిలబెట్టకండి

మన వరంగల్, హన్మకొండ వైపు స్కూల్ టీముల్లో ఎవరికి పరుగు రాదో ఆ అమ్మాయికే ప్యాడ్లు కట్టి గోల్‌లో నిలబెట్టడం మామూలైపోయింది. తప్పంతా అక్కడే మొదలవుతుంది. హాకీలో కీపర్ పని ముప్పాతిక వంతు కాళ్లతోనే.

గోల్ వెడల్పు 3.66 మీటర్లు, ఎత్తు 2.14. బంతి కింద వస్తే చేతులు అందే టైమ్ ఉండదు, కిక్కర్‌తోనే (పాదానికి తొడిగే మందపాటి ఫోమ్ కవచం) తన్నాలి. పాదం లోపలి వైపు బంతికి తగలాలి, మోకాలు బంతి మీదికి వంగాలి, బరువు ముందు కాలి మీద ఉండాలి. బరువు మడమల మీద ఉంటే బొటనవేలి వైపు లేస్తుంది, బంతి కిక్కర్ మీదికెక్కి గాల్లోకి ఎగిరి సరిగ్గా ఫార్వర్డ్ ముందు పడుతుంది. ఆపిన బంతి ఎప్పుడూ సైడ్‌లైన్ వైపే పోవాలి. మధ్యలోకి తన్నితే ఆపి లాభం లేదు. మట్టి గ్రౌండ్‌లో బంతి ఎటు లేస్తుందో తెలియదు కాబట్టి మన పిల్లలు గీత మీదే అతుక్కుపోతారు. టర్ఫ్ (కృత్రిమ గడ్డి) మీద ఆ అలవాటు కొంప ముంచుతుంది.

పెనాల్టీ కార్నర్ అంటే ఫౌల్‌కు శిక్షగా ఎదుటి టీము గోల్ పక్క గీత నుంచి బంతి లోపలికిచ్చి మొదలుపెట్టే దాడి. అందులో మొదటి షాట్ హిట్ (స్టిక్ ఊపి కొట్టేది) అయితే, బంతి గోల్ గీత దాటేటప్పుడు 460 మిల్లీమీటర్ల ఎత్తు మించకూడదు, అంటే గోల్ వెనక చెక్క ఎత్తు. డ్రాగ్ ఫ్లిక్‌కు, అంటే బంతిని స్టిక్‌తో లాగి విసిరే షాట్‌కు, ఆ హద్దు లేదు. అందుకే ముందే పక్కకు పడుకుని అడ్డుకునే పాత పద్ధతి ఇప్పుడు జూదం. బంతి లోపలికి రాగానే ఒకటి రెండు అడుగులు బయటికొచ్చి, షాట్ కొట్టే క్షణానికి కాళ్లు కదలకుండా నిలబడాలి. టోక్యో ఒలింపిక్స్ క్వార్టర్ ఫైనల్లో ఇండియా కీపర్ సవితా పూనియా ఆట చూడండి: ఆస్ట్రేలియాకు ఏడు కార్నర్లు దొరికినా ఒక్కటీ గోల్ కాలేదు, మనం 1-0తో గెలిచాం.

మ్యాచ్ సమమైతే ఆడించే షూటౌట్ ఇంకో లోకం, అటాకర్ ఒక్కరు, కీపర్ ఒక్కరు. 23 మీటర్ల గీత నుంచి దాడి, 8 సెకన్లు. విజిల్ పడగానే ముందుకు ఉరికి కోణం మూసేయాలి, కానీ తొందరపడి పడిపోవద్దు. అటాకర్‌ను ఆమె ఎడమ చేతి వైపు, అంటే స్టిక్ తిప్పి ఆడాల్సిన రివర్స్ స్టిక్ వైపు నెట్టుకుపోతే షాట్ బలం తగ్గుతుంది. కీపర్ కావాలని ఫౌల్ చేస్తే పెనాల్టీ స్ట్రోక్, అంటే గోల్ ముందు నుంచి కీపర్ ఒక్కరే ఎదురుండగా కొట్టే షాట్. పొరపాటున అయితే మళ్లీ ఆడిస్తారు. 2016 రియో ఒలింపిక్స్ ఫైనల్ షూటౌట్‌లో బ్రిటన్ కీపర్ మ్యాడీ హించ్ డచ్ వాళ్ల నాలుగు ప్రయత్నాలనూ ఆపింది. ఎవరు ఎటు తిరుగుతారో ముందే రాసుకున్న నోట్‌బుక్ ఆమె దగ్గర ఉండేది. 2022 కామన్వెల్త్ క్రీడల సెమీస్ షూటౌట్‌లో ఆస్ట్రేలియా మొదటి ప్రయత్నాన్ని సవిత ఆపినా, గడియారం మొదలు కాలేదని మళ్లీ ఆడించారు, ఈసారి గోల్ పడింది. మ్యాచ్ చేజారింది. ఆ తర్వాత కాంస్యం కోసం న్యూజిలాండ్‌తో ఆడి, షూటౌట్‌లో 2-1తో గెలిచారు.

కీపర్ ఆలస్యంగా పండుతుంది. సవిత పుట్టింది 1990లో, సీనియర్ టీమ్‌లోకి వచ్చింది 2011లో. ప్రపంచ ఉత్తమ కీపర్ అవార్డు మాత్రం ముప్పై దాటాకే, వరుసగా మూడుసార్లు. మన ఉమ్మడి చిత్తూరు జిల్లా రజని ఏటిమర్పు కూడా ఇండియాకు ఆడిన కీపరే. ఆడేది ఒక్కరే, రెండో కీపర్ బెంచీ మీదే ఏళ్లు గడపాలి. ఆ ఓపిక ఉన్న పిల్లనే వెతకండి.

ఇక కిట్. సీనియర్ల కిక్కర్‌లో గుడ్డలు కుక్కి చిన్న పిల్లకు తొడిగితే తన్నేటప్పుడు మడమ తిరుగుతుంది. లెగ్‌గార్డ్ (కాలి ప్యాడ్) బకిల్స్ బయటి వైపుండాలి. లోపలికుంటే ఒకదానికొకటి తగులుకుని పడిపోతారు. మే నెల ఎండలో ఆరేస్తే ఫోమ్ గట్టిపడి పగులుతుంది, నీడకే ఆరేయండి.