ముప్పై అయిదు దాటాక మెట్రిక్

పోయిన నెల అమ్మకి కుడికంటికి శుక్లం ఆపరేషన్ అయింది. నల్లకళ్ళద్దాలు, పూటపూటా చుక్కల మందు, టీవీ చూడకూడదు, వంగకూడదు. రెండో రోజుకే ఆవిడకి ఏమీ తోచలేదు. "ఏదైనా చదివి వినిపించవే" అంది. అలా మొదలుపెట్టాం, కొండపల్లి కోటేశ్వరమ్మగారి ఆత్మకథ 'నిర్జన వారధి'. 2012లో, ఆవిడకి తొంభై దాటాక వచ్చిన పుస్తకం.

పామర్రు అన్న మాట వినగానే అమ్మ లేచి కూర్చుంది. "మన పామర్రేనా?" మాది గుడివాడ దగ్గర పల్లె. ఇక ఆ క్షణం నుంచి కోటేశ్వరమ్మగారు మా పక్కవీధి మనిషైపోయారు.

ఊహ తెలియని వయసులో పెళ్ళి, ఊహ తెలిసేసరికి వైధవ్యం. తర్వాత కొండపల్లి సీతారామయ్యగారితో మళ్ళీ పెళ్ళి. కమ్యూనిస్టు పార్టీలోకి వచ్చారు, పాటలు పాడారు, ఒంటిమీది నగలు ఉద్యమానికి ఇచ్చేశారు, పిల్లల్ని వదిలి ఊళ్ళు పట్టుకుని అజ్ఞాతంలో తిరిగారు. ఇంతా చేశాక సీతారామయ్యగారు ఆమెని విడిచిపెట్టారు. తరువాతి రోజుల్లో నక్సలైటు పార్టీ పీపుల్స్ వార్ నాయకుడిగా దేశమంతా ఎరిగిన మనిషి ఆయన.

ఇక్కడ నేను పుస్తకం మూసి కాసేపు ఊరుకున్నాను. హక్కులు, అన్యాయం అంటే మనకి దొర, పోలీసు, సర్కారు గుర్తొస్తారు. వాళ్ళని ఎదిరించడానికి జెండా ఉంటుంది, పక్కన నలుగురు ఉంటారు. సొంతవాళ్ళే "నీకేం కావాలి?" అని అడగకుండా నీ బతుకు తేల్చేస్తే ఏ జెండా పట్టుకోవాలి? స్త్రీశక్తి సంఘటన అనే మహిళా సంఘం వాళ్ళు 1986లో తెచ్చిన 'మనకు తెలియని మన చరిత్ర' చదివినప్పుడూ నన్ను పట్టి ఊపింది ఇదే. తెలంగాణ సాయుధ పోరాటంలో పనిచేసిన ఆడవాళ్ళు తమ నోటితో చెప్పుకున్న కథలవి. అందులో కమలమ్మ అడవిలో ఉండగా కన్న బిడ్డని ఇచ్చెయ్యాల్సి వస్తుంది. ఆ పేజీలు నేను ఇప్పటికీ ఒక్క బిగిన చదవలేను. 1951లో పోరాటం ఆపేశాక, అన్నాళ్ళూ మగవాళ్ళతో సమానంగా నడిచిన వాళ్ళకి మళ్ళీ పొయ్యి, చీపురు. వాళ్ళు ఇంకేం చెయ్యాలనుకుంటున్నారో అడిగిన వాళ్ళు తక్కువ.

"తర్వాతేం చేసిందో చదువు" అంది అమ్మ.

హైదరాబాదు వెళ్ళి ఆంధ్ర మహిళా సభలో చేరి మెట్రిక్ చదివారు. ఆ తర్వాత కాకినాడలో ఆడపిల్లల హాస్టల్ మేట్రన్ ఉద్యోగం.

"అప్పటికి ఎన్నేళ్ళు?"

1918లో పుట్టారని లెక్కేసి, ముప్పై అయిదు దాటి ఉంటాయన్నాను. అమ్మ ఏమీ అనలేదు. కాసేపటికి, "మంచం కింద ట్రంకుపెట్టె లాగు" అంది.

అడుగున, పట్టుచీర మడతలో, నాలుగు మడతలు పెట్టిన కాయితం. అమ్మ ఏడో తరగతి సర్టిఫికెట్. మడతలు చిరిగిపోయి నాలుగు ముక్కలుగా వేలాడుతోంది. వెనక ఎవరో గోధుమరంగు గమ్ముకాయితం అంటించారు, అదీ ఎండి ఊడిపోతోంది. లెక్కల్లో 81. అమ్మ లెక్కల్లో అంత గట్టిదని నాకు ఈ వయసులో తెలిసింది.

హైస్కూలు మూడు మైళ్ళ అవతల ఉండేదట. ఆడపిల్ల అంత దూరం ఎలా నడుస్తుందన్నారు. అదే ఏడాది మా మావయ్యకి సైకిలు కొన్నారు. "తాతయ్య చెడ్డవాడేం కాదే" అంది అమ్మ వెంటనే. కాదు, నాకూ తెలుసు. సంతలో నాకు జీళ్ళు కొనిపెట్టిన తాతయ్య ఆయన. కానీ అమ్మని ఒక్కమాట అడిగి ఉండాల్సింది. ఇది రాస్తుంటే కూడా నాకు కోపం తగ్గడం లేదు.

నిన్నటికి పుస్తకం అయిపోయింది. కొడుకూ కూతురూ తనకంటే ముందే పోయిన బాధ దగ్గర నా గొంతు పూడుకుపోయింది, అమ్మ నల్లద్దాల కింద చీరకొంగు పెట్టుకుంది. కంటికి తడి తగలకూడదని డాక్టరు చెప్పారని గుర్తుచేశాను.

ఇంకేదైనా మొదలుపెడదామా అంటే వద్దంది. "ఆవిడ బళ్ళో చేరిన భాగం ఉంది చూడు, అది మళ్ళీ చదువు. కాస్త నెమ్మదిగా."